నేను దిద్దిన పక్షవాతం

3వ తేదీ, సోమవారం

మా ఆవిడతో మాటల్లేక ఇవాళ్టికి ఆరు రోజులు. ఈ విషయంలో తప్పు నాది కాదని ముందే రాసి పెడుతున్నాను. తమ్ముడికి ఉత్తరం రాసి పోస్టులో వేయమని నాకిచ్చింది. వేశాను. వేసే ముందు పదకొండు తప్పులు దిద్దాను. ప్రూఫులు చూసే ఉద్యోగం, ఎర్ర సిరాతో దిద్దడం ఇరవై ఆరేళ్ల అలవాటు, అందులో దురుద్దేశం ఏమీ లేదు. బావమరిది ఫోన్ చేసి, "అక్కా, బావ నీకెన్ని మార్కులు వేశాడు?" అన్నాడట. అంతే, ఆ పూట నుంచి ఇంట్లో మౌనం.

ముందు మాట్లాడినవాళ్లు ఓడినట్టు. ఇది ఎక్కడా రాసి లేదు గానీ ముప్పై ఏళ్లుగా అమల్లో ఉంది. నేను ఓడను.

ఆఫీసులో ఇవాళ 'మ' మొదలైంది. నర్సుల కోసం జేబులో పట్టే వైద్య పదకోశం. అచ్చు ప్రతిని నేను పైకి చదువుతాను, కామా ఫుల్‌స్టాపులతో సహా. చెల్లెమ్మ నా ఎదురుగా కూర్చుని, రాతప్రతి మీద పెన్సిల్ నడుపుతూ వింటుంది. ఇరవై ఏళ్లుగా ఎదురుబల్ల దగ్గర కూర్చుని 'అన్నయ్యా' అంటుంటే చెల్లెమ్మ కాక ఇంకేమవుతుంది? సంపాదకుడు పెద్దాయన కొత్త నియమం పెట్టాడు. ఏ రోజు కాగితాలు ఆ రోజే వీధి చివరి క్లినిక్‌కి ఇవ్వాలట. "వాళ్లు వాడి చూడాలయ్యా. వాడకానికి నిలవని అర్థం అర్థమే కాదు" అన్నాడు. చెల్లెమ్మ ఇంటికి వెళ్తూ దారిలో ఇచ్చేస్తుంది. నర్సులు నన్ను పరీక్షించడమేమిటో! తాతకు దగ్గులు నేర్పినట్టుంది.

4వ తేదీ, మంగళవారం, ఉదయం

ఆరున్నరకు పళ్లు తోముకుని పుక్కిలించాను. నీళ్లు ఎడమ పక్క నుంచి నా ప్రమేయం లేకుండా బయటికి వచ్చి చొక్కా మీద పడ్డాయి. మళ్లీ పుక్కిలించాను. మళ్లీ అంతే.

అద్దంలో చూస్తే ముఖం కుడి సగం నాది. ఎడమ సగం ఎవరిదో, బొత్తిగా పరిచయం లేదు. కనుబొమ్మ లేవదు. కన్ను మూతపడదు. నవ్వితే నోరు ఒక్క కుడి చెవి వైపే పోతుంది.

రాత్రి కుడి పక్కకి తిరిగి పడుకున్నాను, ఎడమ చెంపకి ఫ్యాను గాలి తగిలింది. అంతే. మధ్యాహ్నానికి సర్దుకుంటుంది.

అదే రోజు, సాయంత్రం

సర్దుకోలేదు. ఏం జరిగిందో వరసగా రాస్తాను.

బస్సులో ఎదురు సీట్లో గొడుగు పట్టుకున్న ఒక పెద్దావిడ కూర్చుంది. నేను రెప్ప వేస్తే ఒక్క కుడి కన్నే మూసుకుంటోందన్న సంగతి నాకు అప్పటికి తట్టలేదు. నిమిషానికి పదిహేనుసార్లు చొప్పున ఆవిడకి కన్ను కొట్టాను. నాలుగో స్టాపు దగ్గర ఆవిడ గొడుగు నా మోకాలి మీద ఆనించి, "మీ వయసేంటి, మీ పనులేంటి?" అంది. క్షమించమని నవ్వాను. ఆ నవ్వు ఇంకా ఘోరంగా వచ్చినట్టుంది. గొడుగు కాస్త గట్టిగా నొక్కింది. దిగిపోయి నడిచాను.

ఆఫీసులో 'మధుమేహము' దగ్గర మొదలుపెట్టాను. నా నోట్లోంచి మకారం రాదే! పెదాలు ఎడమ పక్క కలవవు, గాలి ఫుస్సుమని పోతుంది. 'మలబద్ధకము' చదివేసరికి కాగితం తడిసింది. అప్పుడొక ఉపాయం తట్టింది. ఎడమ పెదవి చివర వేలితో పట్టుకుని పైకి నొక్కితే మాట వస్తుంది. అలా పట్టుకునే 'మస్తిష్కము' దాకా లాగాను.

"అన్నయ్యా, పన్ను నొప్పా?" అంది చెల్లెమ్మ.

"ఊఁ" అన్నాను. ఈ అబద్ధానికి పెదాలు కూడా అక్కర్లేదు.

మరికొన్ని మాటల తరువాత వచ్చింది ఇది. ఇక్కడ ఉన్నదున్నట్టు ఎక్కిస్తున్నాను.

'ముఖ పక్షవాతము: ముఖమున ఒక పక్క కండరములు హఠాత్తుగా చచ్చుబడుట. ఆ పక్క కన్ను మూతపడదు, నుదురు ముడుత పడదు, నోరు రెండవ పక్కకు లాగును. మూడు దినములలోపు వైద్యుని చూపి మందు మొదలిడవలెను.'

చదివాను. చెల్లెమ్మ కాగితం వంక చూసింది, నా వంక చూసింది, మళ్లీ కాగితం వంక చూసింది.

"అన్నయ్యా..."

"ఈ నిర్వచనం బాగా లేదు" అన్నాను.

నిజంగానే బాగా లేదు. పక్షం అంటే పక్క. పక్షవాతం అంటే శరీరంలో ఒక పక్క పడిపోవడం. దాని ముందు 'ముఖ' చేరిస్తే ముఖంలో ఒక పక్కే పడిపోవడం. ఇంతవరకు ఒప్పుకుంటాను. కానీ 'చచ్చుబడుట' అంటే ఎంత? పూర్తిగానా, కొంతేనా? నా కనుబొమ్మ పొద్దున ఒక్కసారి వెంట్రుకవాసి కదిలినట్టు అనిపించింది. కదిలితే అది చచ్చుబడుట కాదు. కనుక ఈ మాట నాకు వర్తించదు. పైగా 'మూడు దినములలోపు' ఏమిటి? జనాన్ని హడలగొట్టడం కాకపోతే! నిద్రలో మెడ పట్టినవాడు కూడా ఆసుపత్రికి పరిగెత్తుతాడు.

చివరి వాక్యం కొట్టేసి ఎర్ర సిరాతో ఇలా రాశాను: 'కొన్ని దినములు వేచి చూచి, తగ్గనిచో వైద్యుని సంప్రదించవలెను.' ఎంత నింపాదిగా ఉందో చూడు. చదవగానే నాకే ధైర్యం వచ్చింది.

"అది డాక్టరుగారు రాసిన వాక్యం అన్నయ్యా. మనం ముట్టుకోకూడదేమో" అంది చెల్లెమ్మ.

"డాక్టరుకి వైద్యం తెలుసు. వాక్యం నాకు తెలుసు" అన్నాను, పెదవి పట్టుకుని.

సాయంత్రం కాగితాలు క్లినిక్‌కి వెళ్లిపోయాయి.

5వ తేదీ, బుధవారం

ఇంట్లో కొత్త తలనొప్పి. నేను ఎగతాళిగా నవ్వుతున్నానని మా ఆవిడ నమ్మింది. పొద్దున టీ కప్పు బల్ల మీద ఎంత గట్టిగా పెట్టిందంటే సగం సాసరులోకి వచ్చింది. తరువాత గోడ గడియారంతో, "కొంతమందికి సిగ్గు కూడా ఉండదమ్మా. చేసిందంతా చేసి, ఎదురుగా కూర్చుని మూతి వంకర పెట్టి వెక్కిరిస్తారు" అంది.

వెక్కిరించడం లేదని చెప్పవచ్చు. కానీ చెబితే ముందు మాట్లాడింది నేనవుతాను. నేను కూడా గడియారం వైపు తిరిగి, "కొంతమంది మూతి వాళ్ల ఇష్టం" అన్నాను. ఆ 'మూతి' సరిగ్గా రాలేదు. ఉమ్ము తగిలినట్టుంది గడియారానికి.

ఎడమ కన్ను మండుతోంది. మూతపడని కన్ను ఎండిపోతుందని నాకేం తెలుసు? ఆఫీసులో, దిద్దాల్సిన కాగితాలకు అంటించే అచ్చు జిగురు చీటీలు ఉంటాయి. ఒకటి తీసి రెప్ప కిందికి లాగి అంటించాను. హాయిగా ఉంది. ఆ సంగతి మరిచిపోయి బస్సెక్కాను. దిగేదాకా ఎవరూ నా పక్కన కూర్చోలేదు. ఇంటికొచ్చి అద్దంలో చూసుకుంటే కంటి మీద 'మళ్లీ చూడవలెను' అని ఉంది.

మా ఆవిడ అది చదివింది. వంటింట్లోకి వెళ్లి దడాలున తలుపేసుకుంది.

6వ తేదీ, గురువారం, మధ్యాహ్నం

కొన్ని దినములు వేచి చూడవలెను. వాక్యంలోనే ఉంది కదా.

అదే రోజు, సాయంత్రం

ఇది ఇప్పుడే రాయాలి. రేపు రాస్తే నాకు అనుకూలంగా దిద్దేస్తాను.

ఆఫీసు నుంచి అయిదింటికే వచ్చేశాను. పైకి చదవడం ఇక నా వల్ల కాలేదు. చెల్లెమ్మ నా ఎదుట కాగితం బోర్లించి, "ఇంటికెళ్లు అన్నయ్యా, వదినకి చెప్పు" అంది. ఏం చెప్పమంటుంది? మాటల్లేవు కదా మాకు. మా ఆవిడ ఎదురుగా కూర్చుని టీ తాగుతున్నాను. కుడి పక్కన పోసుకుంటే కొంత నిలుస్తుంది. ఇంతలో ఎడమ కంట్లోంచి నీళ్లు ధారగా కారడం మొదలుపెట్టాయి. రోజంతా మండిన కన్ను మరి!

మా ఆవిడ చూసింది. కప్పు కింద పెట్టింది. తొమ్మిది రోజుల తరువాత నా ముఖంలోకి సూటిగా చూసి, "అయ్యో, ఏంటండీ ఇది? ఏడవకండి. నేనే మొండికేశాను లెండి, పోనీండి. ఒక ఉత్తరం ముక్క కోసం ఇంత బాధపడతారా?" అంది.

తనే ముందు మాట్లాడింది! నేను గెలిచాను!

ఇక్కడ నా బుద్ధి ఎలాంటిదో రాయక తప్పదు. నేను ఏడవడం లేదని చెప్పలేదు. తల వంచుకున్నాను. ఇంకో రెండు చుక్కలు కారితే బాగుండునని కూడా అనుకున్నాను. ఆవిడ లేచి వచ్చి కొంగుతో నా చెంప తుడిచింది. తుడుస్తూ తుడుస్తూ చెయ్యి ఆపేసింది.

"ఏవండీ, రెండో కన్ను ఎందుకు ఏడవట్లేదు?"

నేను టీ కప్పు అందుకోబోయాను.

"కళ్లు మూయండి."

మూశాను. అంటే ఒకటి మూశాను.

"నుదురు ముడవండి. పళ్లు చూపించండి. ఓరి దేవుడో! ఎన్నాళ్లయింది?"

"ఎల్లుండికి నాలుగు రోజులు" అన్నాను. తక్కువ చెప్పినట్టు వినిపించడానికి అలా చెప్పాను గానీ, ఎలా లెక్కేసినా మంగళవారం పొద్దున్నే అని ఆవిడకి తెలిసిపోయింది.

"మూతి వంకరపోయి మూడు రోజులుగా తిరుగుతూ ఒక్క మాట చెప్పరా? నేను పరాయిదాన్నా? వెక్కిరిస్తున్నారని నేను గిన్నెలు విసిరేస్తుంటే, మీరు మాత్రం నోరు విప్పరా? పంతం ముఖ్యమా, ముఖం ముఖ్యమా?" అంటూనే చెప్పులు వేసుకుంది. ఏడుస్తోంది కూడా. రెండు కళ్లతోనూ.

క్లినిక్‌లో బెంచీ నిండా జనం. బల్ల దగ్గర కొత్తగా చేరిన నర్సు పేరు, వయసు, ఎప్పటి నుంచి అని రాసుకుంది. తరువాత సొరుగులోంచి కొన్ని కాగితాలు తీసి వేలితో వెతికింది. ఆ కాగితాలు నేను దూరం నుంచే గుర్తుపట్టాను. నా ఎర్ర సిరా మరి.

"కంగారేం లేదండీ" అంది నర్సు చల్లగా. "ఇదిగో, కొత్త పుస్తకంలో ఉంది. కొన్ని రోజులు చూసి, తగ్గకపోతే డాక్టర్ని కలవమన్నారు. మీకింకా మూడు రోజులు కూడా నిండలేదు. ఇవాళ జనం ఎక్కువగా ఉన్నారు, సోమవారం రండి."

మా ఆవిడ నెమ్మదించింది. "పుస్తకంలోనే ఉందటండీ. ఎవరో తెలిసినవాళ్లే రాసి ఉంటారు. పోనీ, వెళ్దామా?"

నేను కదల్లేదు. మూడు దినములలోపు, అని డాక్టరు రాసింది నా తలలో మోగుతోంది. మూడు రోజులు నిండడానికి ఇంకో పన్నెండు గంటలు కూడా లేవు. చెబితే మా ఆవిడ ముందు, నర్సు ముందు, బెంచీ మీద పద్నాలుగు మంది ముందు పరువు పోతుంది. చెప్పకపోతే ముఖం పోతుంది. సిగ్గు లేకుండా రాస్తున్నాను, ఒక నిమిషం పాటు నిజంగానే ఆలోచించాను.

అప్పుడు నర్సు, "మధ్యాహ్నం ఒకాయనకి కూడా ఇదే చెప్పాను. పాపం, బ్యాండులో ట్రంపెట్ ఊదుతాడట. భయపడుతూ వచ్చాడు, ఇది చదివి వినిపిస్తే నిమ్మళంగా వెళ్లాడు" అంది.

ట్రంపెట్! ఊదేవాడికి పెదవే కూడు.

"అది త..." అన్నాను. గాలి పోయింది. "అది తఫ్..." మళ్లీ గాలి. ఇరవై ఆరేళ్లుగా ప్రపంచంలో అందరికీ నేను చెప్పిన మాట అదొక్కటే, అది నా నోట రావడం లేదు. తడిసిన పెదవి మీద నా వేళ్లు జారిపోతున్నాయి. మా ఆవిడ నా అవస్థ చూసింది. ఏం చెప్పబోతున్నానో తెలియకపోయినా, రెండు వేళ్లతో నా పెదవి పట్టుకుని పైకి నొక్కింది.

"తప్పు" అన్నాను. "అది తప్పు. డాక్టరు రాసింది మూడు రోజుల్లోపు చూపించాలని. దాన్ని కొట్టేసి ఇలా దిద్దింది నేను. నాకు లేదని అనుకోవడానికి దిద్దాను."

నర్సు కాగితం చూసింది, నన్ను చూసింది. బెంచీ మీద ఎవరో "వారెవ్వా" అన్నారు. మా ఆవిడ నా పెదవి వదల్లేదు, కాస్త గిల్లింది కూడా.

డాక్టరు వెంటనే పిలిచాడు. చేతులు రెండూ ఎత్తి పట్టుకోమన్నాడు, నడిపించాడు, నుదురు ముడవమన్నాడు. చేతికో కాలికో వచ్చి ఉంటే మొదటి గంటలోనే పెద్దాసుపత్రిలో ఉండాల్సింది, నా అదృష్టం బాగుండి ఇది ముఖంతో ఆగిందన్నాడు. మాత్రలు అక్కడికక్కడే వేయించాడు. కంట్లో చుక్కలు, పడుకునేటప్పుడు కంటికి పట్టీ. "చాలామందికి కదలిక తిరిగి వచ్చేస్తుంది. మీరు మొదటి రోజే రావాల్సింది" అన్నాడు. తిట్టలేదు. తిట్టి ఉంటే బాగుండేది.

7వ తేదీ, శుక్రవారం

ట్రంపెటాయన ఫోన్ ఎత్తలేదు. క్లినిక్ రిజిస్టరులోంచి చిరునామా రాసుకుని పొద్దున్నే నేను, మా ఆవిడ బయల్దేరాం. సైకిల్ షాపు పైన ఒక గది. తలుపు తీశాడు. నలభై ఏళ్లుంటాయి. ఆయనకి కుడి పక్క పోయింది, బుధవారం పొద్దున.

గుమ్మానికి అటు ఆయన, ఇటు నేను. ఆయన ఎడమ కన్ను కొట్టాడు. నేను కుడి కన్ను కొట్టాను. కాసేపు అలా కొట్టుకున్నాం. మా ఆవిడ ముందు నోరు మూసుకుంది, తరువాత ఆపుకోలేక గోడకానుకుని పగలబడి నవ్వింది. "ఇద్దరికీ కలిపి ఒక ముఖం ఉందండీ" అంది.

లోపల కూర్చోబెట్టి జరిగిందంతా చెప్పాను. మా ఆవిడ పెదవి పట్టుకుంది, మాట స్పష్టంగా రావాలని. ఆయన ఓపిగ్గా విన్నాడు. కొడతాడేమో అనుకున్నాను. కొట్టినా అడ్డుపడనని మా ఆవిడ దారిలోనే చెప్పింది.

"అదేంటి సార్" అన్నాడు చివరికి. "నేను రాత్రి కూడా ఊదిచూసుకున్నాను. గాలి తప్ప ఏమీ రాలేదు. భయమేసింది. అయినా అచ్చులో ఉంది కదా, అచ్చేసినవాళ్లు ఊరికే వేస్తారా అని పడుకున్నాను."

ఇన్నేళ్లలో నా పని గురించి ఎవరూ నాతో ఇంత గౌరవంగా మాట్లాడలేదు. తల ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు.

బస్సులో ముగ్గురం వెళ్లాం. ఆయన, నేను ఎదురెదురు సీట్లలో కూర్చోకుండా మా ఆవిడ మధ్యలో కూర్చుంది, చూసేవాళ్లు ఏమనుకుంటారోనని. డాక్టరు ఆయన చేతా మాత్రలు వేయించాడు. మూడు రోజుల్లోపే.

8వ తేదీ, శనివారం

పెద్దాయనకు అంతా చెప్పాను. ఉద్యోగం పోతుందనుకున్నాను. ఆయన కాగితం నా ముందుకు తోసి, "రాయి" అన్నాడు. డాక్టరు వాక్యం తిరిగి పెట్టాను. 'చేయి, కాలు, మాట తడబడినచో ఆ క్షణమే పెద్దాసుపత్రికి పోవలెను' అని డాక్టరు చెప్పింది కూడా చేర్చాను. కింద పెద్దాయన తన చేత్తో ఒక నియమం రాశాడు: దిద్దేవాడికి జబ్బు ఉంటే ఆ జబ్బు కాగితం వేరొకరు దిద్దాలి.

చెల్లెమ్మ నా వంక చూడకుండా పెన్సిల్ చెక్కుకుంటూ, "నేను చెప్పాను" అంది. చెప్పింది.

15వ తేదీ, శనివారం

ఏమీ లేదు. పుక్కిలిస్తే చొక్కా తడుస్తోంది.

22వ తేదీ, శనివారం

కనుబొమ్మ కదిలింది. ఈసారి నా మాట నమ్మనక్కర్లేదు, మా ఆవిడ చూసింది.

30వ తేదీ, ఆదివారం

ట్రంపెటాయన సాయంత్రం ఇంటికి వచ్చాడు, పెట్టె చేత్తో పట్టుకుని. రెండు వారాలుగా వస్తున్నాడు. మా ఆవిడని అక్కా అంటున్నాడు, నన్ను మాత్రం ఇంకా సార్ అంటున్నాడు. వచ్చే నెల బ్యాండు వాళ్లకి మాటిచ్చాడు. ఊదలేకపోతే ఇంకొకణ్ణి పెట్టుకుంటారట. ఆ మాట నవ్వుతూ చెప్పాడు గానీ, పెట్టె తెరిచే చేతులు నవ్వడం లేదు.

ఊదాడు. గాలి. మళ్లీ ఊదాడు. గాలి, కొంచెం ఉమ్ము. మా ఆవిడ వంటింట్లో గిన్నె చప్పుడు ఆపేసింది. మూడోసారి కళ్లు మూసుకుని ఊదాడు. రెండూ మూశాడు. ఒక స్వరం వచ్చింది! సన్నగా, పొడుగ్గా, కిటికీలోంచి వీధిలోకి పోయింది. దాని వెనక ఇంకో మూడు వచ్చాయి. నాలుగోది పక్కకి జారింది.

దించి నా వంక చూశాడు. "చివరిది ఎలా ఉంది సార్? నిజం చెప్పండి."

అతని ముఖం చూస్తే బాగుందని అనేయాలనిపించింది. గొంతు దాకా వచ్చింది ఆ మాట. నింపాదిగా, ధైర్యం చెప్పేలా.

"తప్పే" అన్నాను. "మళ్లీ ఊదు."

ఆయన ట్రంపెట్ ఎత్తలేదు. నా నోటి వైపే చూస్తున్నాడు. మా ఆవిడ వంటింటి గుమ్మంలోకి వచ్చి నిలబడింది. నా రెండు చేతులూ ఒళ్లోనే ఉన్నాయి, పెదవిని ఎవరూ పట్టుకోలేదు.

"ఏవండీ, ఇంకోసారి అనండి" అంది.

"తప్పు" అన్నాను. "తప్పు, తప్పు, తప్పు."

"చాలు, పండగ చేసుకోకండి" అంటూ కొంగుతో కళ్లు తుడుచుకుంది. ట్రంపెటాయన పగలబడి నవ్వి, ఆ నవ్వుతోనే మళ్లీ ఊదడం మొదలుపెట్టాడు. నాలుగోది ఈసారి కూడా జారింది. చెప్పాను.